వెదురుతోపు దాటితే డెన్జిరో కొండ

క్యోటోలో అరషియామా వెదురుతోపు ఫోటో చూడని వాళ్ళు ఇప్పుడు ఎవరూ ఉండరేమో. ఆ తోపులో దారి కొంచెం ఎత్తుకు ఎక్కి ఒక గేటు దగ్గర తేలుతుంది. గేటు పక్కన టికెట్ కౌంటరు ఉంటుంది. మేము వెళ్ళినప్పుడు మనిషికి వెయ్యి యెన్లు. సెల్ఫీ స్టిక్కులతో అక్కడిదాకా వచ్చినవాళ్ళలో ఎక్కువమంది ఆ బోర్డు చూసి, ఇదేదో తోటట అనుకుని వెనక్కి తిరిగిపోతున్నారు. మా తమ్ముడిదీ అదే ధోరణి. ఒసాకాలో ఉద్యోగం చేస్తూ ఇన్నేళ్ళలో అరషియామాకి ఎన్నిసార్లు వచ్చాడో కానీ ఆ గేటు మాత్రం దాటలేదు. "అక్కా, ఆరొందల రూపాయలు పెట్టి చెట్లు చూస్తామా" అన్నాడు. అసలు నేను జపాన్ వచ్చిందే ఈ గేటు కోసమని, వెదురుతోపు దారిలో తగిలింది కాబట్టి చూశానని వాడికి చెప్తే నమ్మలేదు.

ఆ గేటు లోపలున్నది ఓకోచి డెన్జిరో అనే నటుడి కొండ. పేరు ఓకోచి సన్సో, అంటే కొండమీది ఇల్లు. ఇరవై వేల చదరపు మీటర్లు, మన లెక్కలో సుమారు ఐదెకరాలు. ఒగురా కొండ వాలు మీద ఆ స్థలంలో 1931లో పని మొదలుపెట్టి, 1962లో తను పోయేదాకా, ముప్ఫై ఏళ్ళ పాటు చెట్టు తర్వాత చెట్టు, రాయి తర్వాత రాయి పెట్టిస్తూనే ఉన్నాడు. స్టూడియో వాళ్ళు కట్టించింది కాదు, ప్రభుత్వం ఇచ్చింది కాదు, అంతా సినిమాల్లో వచ్చిన పారితోషికమే.

పేరు వినని వాళ్ళ కోసం ఆయన సంగతి కొంచెం చెప్పాలి. పుట్టింది 1898లో, క్యూషూ దీవిలో, ఇప్పటి ఫుకుఒకా ప్రాంతంలోని బుజెన్ దగ్గర. ఓకోచి అనేది ఇంటిపేరు కాదు, పుట్టిన పల్లె పేరు. నాటకాల నుంచి సినిమాల్లోకి వచ్చాడు. 1926లో నిక్కత్సు కంపెనీ క్యోటో స్టూడియోలో చేరాడు. ఆ ఏడాదికి ఒక ప్రత్యేకత ఉంది. జపాన్ తొలి సినిమా స్టార్ ఒనొయె మత్సునొసుకే, వెయ్యి సినిమాలకు పైగా చేసిన మనిషి, చనిపోయింది ఆ ఏడాదే. ఆయన సినిమాలు చాలావరకు కబుకి అనే పాతకాలపు నాటక రంగస్థలాన్ని కెమెరా ముందు పెట్టినట్టు ఉండేవి, కత్తి తిప్పినా నాట్యం చేసినట్టే. డెన్జిరో తరం వచ్చాక కత్తియుద్ధం నిజం యుద్ధంలా మారింది. చెమట, మట్టి, పరుగు, పిచ్చెత్తిన కళ్ళు. 1923 భూకంపంలో టోక్యో స్టూడియోలు దెబ్బతినడంతో అక్కడి వాళ్ళు చాలామంది క్యోటోకి తరలివచ్చారు, ఊరంతా స్టూడియోలే అయ్యాయి. బండో త్సుమసబురో, అరషి కన్జురో, కతఒక చియెజో వంటి పోటీ హీరోలు ఒక్కొక్కరే సొంత నిర్మాణ సంస్థలు పెట్టుకున్నారు. డెన్జిరో మాత్రం చాలా ఏళ్ళు నిక్కత్సులోనే ఉండిపోయాడు. నాకు ఇది చిన్న విషయంగా కనిపించదు. మిగతావాళ్ళు సినిమాలో వచ్చిన డబ్బు మళ్ళీ సినిమాలోనే పోస్తే, ఇతను ఒక కొండ మీద పోశాడు.

అదృష్టం కొద్దీ అతనికి మొదట్లోనే ఇతో దైసుకే అనే దర్శకుడు దొరికాడు. ఇద్దరూ 1898లోనే పుట్టారు. 1927లో వీళ్ళిద్దరూ 'చూజి తబి నిక్కి' మూడు భాగాలుగా తీశారు. కునిసద చూజి అంటే ఎడో కాలపు (సమురాయ్‌లు ఉన్న రోజుల) జూదరి, అధికారులకు ఎదురు తిరిగినవాడు, జనం నోళ్ళలో నలిగిన వీరుడు. ఆ వీరుడిని వీళ్ళు చివరికి పక్షవాతంతో పడక మీద పడుకోబెట్టారు. పోలీసులు కొట్టం చుట్టూ మూగుతుంటే, కత్తి పట్టలేని హీరో పడుకుని చూస్తూ ఉంటాడు. అతన్ని ప్రేమించిన ఆడమనిషి తుపాకీ పట్టుకుని కాపలా కాస్తుంది. ఆ రోజుల్లో కత్తి వీరుడి సినిమాకి ఇలాంటి ముగింపు! ఆ ఏడాది 'కినెమా జున్పో' పత్రిక ఎంపికలో రెండో భాగానిదే మొదటి స్థానం.

మరుసటి ఏడాది తంగే సజెన్ వచ్చాడు. ఒంటికన్ను, ఒంటిచేయి సమురాయ్. పత్రికలో సీరియల్‌గా వస్తున్న నవలలోని పాత్ర. మూడు కంపెనీలు పోటీపడి ఒకేసారి సినిమా తీశాయి. జనానికి గుర్తుండిపోయింది మాత్రం డెన్జిరో సజెనే. మామూలుగా రెండు చేతులతో పట్టుకునే కత్తిని ఎడమ చేత్తో, అదీ ఒక్క కన్నుతో తిప్పాలి. పైగా మనిషికి విపరీతమైన షార్ట్‌సైట్. తెర మీద కళ్ళజోడు పెట్టుకునే వీల్లేదు కదా. ఎదుటివాడు సరిగ్గా కనపడకుండా అంత వేగంగా కత్తి తిప్పుతుంటే, ఆ ఎదుటివాడి టెన్షన్ ఎలా ఉండేదో తలుచుకుంటే నవ్వూ భయమూ రెండూ వస్తాయి.

గేటు దాటి లోపలికి వెళ్దాం.

టికెట్‌తో పాటు ఒక గిన్నెడు మచ్చా టీ, ఒక చిన్న మిఠాయి ఇస్తారు. ముందే తాగేయమని నా సలహా, ఎందుకంటే లోపల ఎక్కడం దిగడం బాగానే ఉంది. టీ చేదుగా, పైన నురగతో ఉంది. తమ్ముడు ఒక గుక్క తాగి మిగతాది నా వైపు జరిపాడు. తర్వాత బాణం గుర్తులు చూసుకుంటూ పోవడమే. దారి ఎక్కడా తిన్నగా ఉండదు. ఇది కావాలని చేసిన పని అని పదడుగులు వేసేసరికి అర్థమవుతుంది. ఒక వంపులో పైన్ చెట్టు అడ్డం వచ్చి ముందున్నదంతా మూసేస్తుంది. ఇంకో నాలుగు మెట్లెక్కగానే ఇంటి కప్పు అంచు ఒక్కటే కనపడుతుంది. మళ్ళీ తిరిగితే మొత్తం ఇల్లు, దాని వెనక క్యోటో ఊరు, ఆ వెనక హియె కొండ. జీవితమంతా కెమెరా ముందు గడిపినవాడికి ఏది ఎప్పుడు చూపించాలో, ఎంతసేపు దాచాలో వేరేవాళ్ళు నేర్పాలా?

ఆ ఇంటి పేరు దైజోకకు. 1941లో పూర్తయింది. పాత రాజప్రాసాదాల పద్ధతి, సమురాయ్ ఇళ్ళ పద్ధతి, తేనీటి గదుల పద్ధతి అన్నీ ఒకదానిలో ఒకటి కలిపి కట్టించాడు. లోపలికి రానివ్వరు, బయటి నుంచే చూడాలి. వసారా చెక్కలు ఏళ్ళ తరబడి తుడిచి తుడిచి నునుపు దేలి ఉన్నాయి. తలుపులు తీసి ఉంటే గదికి అవతలి వైపున్న పచ్చదనం కూడా ఇవతలి నుంచి కనపడుతుంది. నేను చాలాసేపు నిలబడిపోయింది మాత్రం ఇంటి ముందున్న ఒక రాతి దగ్గర. అడుగు పెట్టడానికి వేసిన రాయి, చుట్టూ నాచు. ఆ నాచు రాయి అంచు వరకు వచ్చి ఆగింది, రాయి మీదికి పాకలేదు. దానంతట అదే ఆగదు, ఎవరో కత్తెరో వేలి గోరో పెట్టి రోజూ సరిచేస్తుండాలి. కాస్త దూరంలో ఒక పనివాడు మోకాళ్ళ మీద కూర్చుని నాచు మీద పడిన ఆకుల్ని ఒక్కొక్కటీ వేళ్ళతో ఏరి బుట్టలో వేసుకుంటున్నాడు. చీపురు వాడితే నాచు లేచిపోతుందట. ఐదెకరాల తోటలో ఆకుల్ని వేళ్ళతో ఏరడం! తమ్ముడు ఆరొందల రూపాయల మాట మళ్ళీ ఎత్తలేదు.

ఇంకొంచెం ముందుకి వెళ్తే జిబుత్సుదో వస్తుంది. చిన్న బౌద్ధ ప్రార్థనా మందిరం. కొండ మీద మొదట కట్టించింది ఇదే, 1931లో. షూటింగుల మధ్య వచ్చి ఇక్కడ ధ్యానంలో కూర్చునేవాడట. అప్పటికి వయసు ముప్ఫై మూడు. జపాన్‌లో మొదటి వరుస హీరో. అలాంటివాడికి ఈ యావ ఎందుకు పట్టుకుందో తోట వాళ్ళే చెప్పుకుంటారు: సినిమా ఫిల్ము ఎక్కువ కాలం నిలవదు, నిలిచి ఉండే అందం ఏదైనా చెయ్యాలి అనుకున్నాడు, అందుకే ఈ తోట.

నటులు చెప్పే గొప్పలకి అలవాటుపడిన చెవులకి ఇది కూడా అలాంటి మాటే అనిపించవచ్చు. కానీ ఆ రోజుల్లో ఫిల్ము ఎలా ఉండేదో తెలిస్తే అలా అనిపించదు. నైట్రేట్ ఫిల్ము. నిప్పురవ్వ తగిలితే భగ్గున అంటుకుంటుంది, ఊరికే డబ్బాలో ఉంచినా కుళ్ళి జిగటగా మారి చివరికి పొడి అయిపోతుంది. ఒక ప్రింటు ఊరూరా తిరిగి, గీతలు పడి, తెగి, అతుకులు పడి అరిగిపోయేది. ఆడటం అయిపోయాక అందులోంచి మంచి కత్తియుద్ధాలు కత్తిరించి, ఇంట్లో చేత్తో తిప్పుకునే బొమ్మ ప్రొజెక్టర్ల కోసం ముక్కలుగా అమ్మేవారు. విచిత్రం ఏమిటంటే, ఆ పిల్లలాట ముక్కల పుణ్యానే కొన్ని సినిమాలకు ఇవాళ ఆనవాళ్ళయినా మిగిలాయి. భూకంపం కొన్నిటిని మింగింది, తర్వాత యుద్ధంలో బాంబులు మరికొన్నిటిని. మన దగ్గర రఘుపతి ప్రకాశ్ 1921లో తీసిన 'భీష్మ ప్రతిజ్ఞ' కూడా అంతే కదా, చూద్దామంటే లేదు.

డెన్జిరో లెక్క తప్పలేదు. 'చూజి' మూడు భాగాలూ పోయాయనే అందరూ అనుకున్నారు. ఆయన అది పోయిందనుకుంటూనే కన్నుమూశాడు. 1991లో హిరోషిమాలో ఒక ప్రింటు బయటపడింది. మొదటి భాగం అందులో లేదు, రెండో దాంట్లో కొంత, మూడోదాంట్లో చాలావరకు ఉంది. టోక్యోలోని జాతీయ ఫిల్మ్ సెంటర్ దాన్ని బాగుచేసింది. 1928 సజెన్ సినిమా అయితే తునకలే. 1926లో తీసిన 'చోకొన్' చివరి రీలు ఒక్కటి మిగిలింది, అంతా కత్తియుద్ధమే. ముందు కథేంటో తెలియకపోయినా ఆ పావుగంట లోపు ముక్కలో డెన్జిరో పదులమంది మీద ఒక్కడే ఎలా విరుచుకుపడతాడో చూస్తే చాలు, అతను ఎందుకు స్టార్ అయ్యాడో ఇంకెవరూ చెప్పక్కర్లేదు.

మందిరం దాటాక తెకిసుయ్-అన్ అనే టీ కుటీరం, ఇంకా పైకి వెళ్తే గెక్క-తెయ్ అనే చిన్న మండపం. అక్కడి నుంచి ఒకవైపు క్యోటో ఊరు మొత్తం, ఇంకోవైపు హోజు నది లోయ. అవతలి కొండ మీద పచ్చదనం మధ్య ఒక గుడి ఒంటరిగా ఇరుక్కుని ఉంది, అది సెన్కోజి. కింద లోయలో టూరిస్టు రైలు కూత వినపడింది. తమ్ముడు అక్కడి బెంచీ మీద చతికిలపడి, "వీడెవడో మంచి రసికుడే" అన్నాడు. "వీడు కాదురా, ఆయన" అన్నాను. పెద్దాయన ఇంట్లో కూర్చుని ఆయన్నే వీడంటావా అని.

దిగే దారిలో మ్యోకో-అన్ అని ఆయన జ్ఞాపకాల చోటు ఉంది. చోటు అంటే భవనం కాదు, పైకప్పు కింద ఆరుబయట వరుసగా ఫోటోలు. సజెన్ వేషంలో, మేకప్ లేకుండా, కిమోనోలో. నాకు బాగా నచ్చినవి కళ్ళజోడు లేనివే. కనుబొమ్మలు ముడిచి చూసే ఆ చూపులో ఉగ్రం ఎంతో, కనపడక చికిలించడం ఎంతో చెప్పలేం. అంత పెద్ద స్టార్‌కి ఇదేనా మ్యూజియం అనిపించింది మొదట. పది నిమిషాలు తిరిగాక, ఫోటోల కోసం ఇంకా పెద్ద హాలు కడితే ఆయనకే నచ్చేది కాదేమో అనుకున్నాను.

మధ్యాహ్నం రన్‌డెన్ ఎక్కాం. ఇళ్ళ మధ్య నుంచి ఒక్క పెట్టెతో కులాసాగా పోయే ట్రాము అది, 1910 నుంచి నడుస్తోంది. డెన్జిరో కాలంలో వేషగాళ్ళు కూడా ఎక్కేవారేమో. ఉజుమాసాలో దిగితే ఎదురుగా కోర్యుజి గుడి గేటు. నిక్కత్సు స్టూడియో 1928లో ఈ పేటకే వచ్చింది, తర్వాత అదే దైయె కంపెనీది అయింది. ఇప్పుడు అక్కడ ఇళ్ళూ, ఒక స్కూలూ ఉన్నాయి. మిగిలింది వీధి పేరులో దైయె అన్న మాట, ఒక సూపర్‌మార్కెట్ ముందు నిలబెట్టిన, దైయె సినిమాల్లోని దైమజిన్ అనే రాక్షస విగ్రహం. ముసలమ్మలు ఉల్లికాడల సంచులతో దాని కాళ్ళ పక్క నుంచి వెళ్ళిపోతున్నారు. స్టూడియో చూద్దామని వచ్చే సినిమా పిచ్చోళ్ళకి ఇక్కడ దొరికేది అంతే, ఆశ పెట్టుకోకండి. సెట్లు చూడాలంటే దగ్గర్లో తోయె అనే సినిమా కంపెనీ వాళ్ళ పార్కు ఉంది. పిల్లలతో వెళ్ళేవాళ్ళకి అదే బాగుంటుంది.

సినిమా చూడాలంటే మాత్రం ఊరి మధ్యలోని క్యోటో మ్యూజియంకి వెళ్ళండి. పక్కనే ఎర్ర ఇటుకల పాత బ్యాంకు భవనం ఉంటుంది. మూడో అంతస్తులో చిన్న సినిమా హాలు. మ్యూజియం మామూలు టికెట్ మీదే పాత సినిమాలు చూడనిస్తారు. మేము వెళ్ళిన సాయంత్రం 1931లో ఇతో దైసుకే తీసిన జిరోకిచి సినిమా ఉంది. ఇతో, డెన్జిరో కలిసి చేసిన మూకీల్లో దాదాపు పూర్తిగా మిగిలింది అదొక్కటే. డబ్బున్నవాళ్ళ ఇళ్ళలో దొంగతనం చేసే జిరోకిచి ఎడో (ఇప్పటి టోక్యో) వదిలి ఒసాకా వైపు పడవలో వస్తూ ఒక అమ్మాయిని కలుస్తాడు. ఆ తర్వాత, తన దొంగతనం వల్లే ఇంకో అమ్మాయి కుటుంబం వీధిన పడిందని తెలుసుకుంటాడు. ఆ ఇద్దరమ్మాయిలుగా వేసింది నిజంగానే అక్కాచెల్లెళ్ళు, ఫుషిమి నవొయె, ఫుషిమి నొబుకొ.

హైదరాబాద్‌లో ల్యాప్‌టాప్ మీద నేను ఇదే సినిమా బెన్షి వ్యాఖ్యానంతో చూశాను. మూకీల కాలంలో తెర పక్కన నిలబడి అన్ని పాత్రలకూ గొంతు ఇచ్చేవాడే బెన్షి, మన హరికథ దాసు ఒక్కడే రాముడూ రావణుడూ అయినట్టు. బెన్షి పేరు చూసి సినిమాకి వెళ్ళేవాళ్ళు ఉండేవారట. క్యోటోలో మాత్రం బెన్షి లేడు, సంగీతం కూడా లేదు, తెర మీద మాటల కార్డులు వస్తుంటే తమ్ముడు నా చెవిలో గుసగుసగా చెప్తున్నాడు. అప్పుడు చూశాను డెన్జిరోని సరిగ్గా. గొంతు తోడు లేనప్పుడు ఆ మనిషి వీపుతో నటిస్తాడు! పడవలో అమ్మాయి మాట్లాడుతుంటే ఇతను అటు తిరిగి కూర్చుంటాడు, భుజం కొంచెం కిందికి జారుతుంది, అంతే. కత్తి దూసిన సీన్ల కంటే ఆ భుజమే నాకు గుర్తుంది. చివర్లో చీకట్లో పోలీసు లాంతర్లు గుంపులుగా కదులుతూ వస్తుంటే హాల్లో దగ్గులు కూడా ఆగిపోయాయి.

బయటికి వస్తుంటే మా వెనక వరసలో కూర్చున్న పెద్దాయన ఒకరు, చీర కట్టుకున్న ఆడమనిషి డెన్జిరో సినిమాకి రావడం వింతగా అనిపించిందేమో, పలకరించారు. ఏ ఊరు, ఎందుకు వచ్చారు, కొండ చూశారా అని అడిగారు. చూశామని చెప్పగానే ఆయన ఒక కన్ను మూసి, కుడి చెయ్యి చొక్కాలోకి లాక్కుని, "షెయ్ వ తంగే, న వ షజెన్" అన్నారు, మ్యూజియం మెట్ల మీదే. ఇంటిపేరు తంగే, పేరు సజెన్ అని చెప్పుకునే డైలాగు అది. టాకీలు వచ్చాక డెన్జిరో నోట్లోంచి ఆ 'స' అనేది క్యూషూ యాసలో 'ష' అయిపోయింది. అలాంటి యాస ఉన్న మూకీ హీరోకి టాకీలతో పని అయిపోవాలి. కానీ జనం ఆ 'ష'నే ప్రేమించారు, మిమిక్రీ వాళ్ళకి దశాబ్దాల పాటు అదే తిండి పెట్టింది. పాపం బెన్షిలకి ఆ అదృష్టం పట్టలేదు. ప్రసిద్ధ దర్శకుడు అకిర కురొసావా అన్న హెయ్‌గో కూడా బెన్షీయే, టాకీలతో ఉపాధి పోయే కాలంలో, 1933లో, ఆత్మహత్య చేసుకున్నాడు. పదేళ్ళ తర్వాత కురొసావా మొదటి సినిమా 'సుగత సన్షిరో' తీసినప్పుడు అందులో జూడో గురువు వేషం వేసింది మన డెన్జిరోయే.

రాత్రి ఒసాకా చేరాక తమ్ముడే ఇంకో సినిమా పెట్టమన్నాడు. యమనక సదావో 1935లో తీసిన సజెన్ టాకీ పెట్టాను. యమనక ఇరవై ఎనిమిదేళ్ళకే చైనా యుద్ధంలో రోగంతో పోయాడు, తీసిన ఇరవై చిల్లర సినిమాల్లో పూర్తిగా దొరికేవి మూడు. ఇందులో సజెన్ భయంకరుడు కాదు, బాణాల ఆట కొట్టులో కాపలా ఉండే సోమరి, కొట్టు యజమానురాలు పాట మొదలుపెడితే విసుగుతో అక్కడున్న పిల్లి బొమ్మని గోడ వైపు తిప్పేస్తాడు. అనాథ పిల్లాడొకడు వాళ్ళ నెత్తిన పడితే, అలాంటి మురికి పిల్లాడికి అన్నం ఎవరు పెడతారు అని ఆవిడ గట్టిగా అంటుంది. మరుక్షణం కట్ చేస్తే పిల్లాడు వాళ్ళింట్లోనే కూర్చుని అన్నం తింటుంటాడు. తమ్ముడు ఆ చోట ఆపి, వెనక్కి తిప్పి, మళ్ళీ పెట్టాడు.